ఎరోల్ తాష్: ఒక్క వేషం, వంద బేరాలు



ఈ సభ ఎవరి జ్ఞాపకార్థం జరుగుతోందో ఆ పెద్దాయన గురించి నాకంటే ముందు మాట్లాడినవాళ్ళు చెప్పాల్సినవన్నీ చెప్పేశారు. మద్రాసులో ఎన్నో ఏళ్ళపాటు చిన్న వేషాలు వేసిన మనిషి. ఇన్‌స్పెక్టరు, కరణం, పెళ్ళిచూపుల్లో కాఫీ తాగి లేచిపోయే మేనమామ. నిర్వాహకులు పిలిచినప్పుడే వాళ్ళకి చెప్పాను, నేను ఆయన గురించి కాకుండా ఆయన వృత్తి గురించి మాట్లాడతానని. ఆ వృత్తి మన దగ్గర ఎలా సాగిందో ఇక్కడ కూర్చున్నవాళ్ళలో సగం మందికి నాకంటే బాగా తెలుసు. అందుకని మిమ్మల్ని కాసేపు ఇస్తాంబుల్ తీసుకెళ్తాను.

1960లలో, 70లలో తీసిన టర్కీ చారిత్రక సినిమా ఏదైనా పెట్టండి. చాలావాటిలో ఒక విందు ఉంటుంది. బైజాంటియం ప్రభువో, కోట అధిపతో బల్ల దగ్గర కూర్చుని ఉంటాడు. చేతిలో కాల్చిన మాంసం తొడ. దాన్ని పళ్ళతో పట్టి ఒక్క గుంజు గుంజుతాడు, కొవ్వు గడ్డం మీదికి కారుతుంది, నములుతూనే పెద్దగా నవ్వుతాడు, ఎముకని వెనక్కి విసిరేస్తాడు. ఆ తర్వాతే ఎవర్నో చంపమని ఆజ్ఞ. టర్కీలో ఈ తిండికి ఒక మనిషి పేరే స్థిరపడిపోయింది. ఇంట్లో ఎవరైనా కోడికాలు ఆబగా కొరికితే ‘ఎరోల్ తాష్‌లా తింటున్నావే’ అని ఎగతాళి చేస్తారు. సినిమాలు చూడని కుర్రవాళ్ళు కూడా ఆ మాట వాడతారు.

ఎరోల్ తాష్ 1920లలో తూర్పున, మంచు కొండల మధ్య ఉన్న ఎర్జురూమ్‌లో పుట్టాడు. ఇస్తాంబుల్ చేరాక బాక్సింగ్ నేర్చాడు, చేతికి దొరికిన పనల్లా చేశాడు. 1950ల చివర్లో సినిమాల్లోకి వచ్చాడు. నాటకశాలలో శిక్షణ లేదు, చదువుకున్న కుటుంబం అండ లేదు. ఉన్నదల్లా విశాలమైన ఛాతీ, బండరాయిలో చెక్కినట్టున్న దవడ, గుబురు కనుబొమలు. పైపెచ్చు దెబ్బ ఎలా వేయాలో, ఎలా కాచుకోవాలో తెలిసిన ఒళ్ళు. ఫైటింగులకి డూపులు పెట్టే స్తోమత లేని నిర్మాతలకి ఇంతకంటే ఏం కావాలి?

ఆ నిర్మాతల సంగతి కొంచెం చెప్పుకోవాలి, ఎందుకంటే ఈ మనిషి జీవితాన్ని మలిచింది దర్శకులకంటే వాళ్ళే. ఇస్తాంబుల్‌లో ఇస్తిక్లాల్ అనే పెద్ద వీధి పక్కన యెషిల్‌చామ్ అని ఒక చిన్న సందు. సినిమా కంపెనీల ఆఫీసులు అక్కడ గుంపుగా ఉండేవి కనుక మొత్తం పరిశ్రమకే ఆ పేరు వచ్చింది. 1948లో స్వదేశీ సినిమా టిక్కెట్ల మీద మునిసిపల్ వినోదపు పన్ను తగ్గించారు. విదేశీ సినిమాకి 70 శాతం, స్వదేశీ సినిమాకి 25 శాతం. అంతకుముందు బట్టల వ్యాపారం చేసినవాడూ, సినిమా హాలు నడిపినవాడూ, అందరూ నిర్మాతలైపోయారు. 1966 నాటికి ఏడాదికి సుమారు 240 సినిమాలు తీసేవారు. 1972లో అది 300 దాకా పోయింది.

ఇన్ని సినిమాలకి డబ్బు ఎక్కడిది? అసలు నిర్మాత దగ్గర డబ్బుండేది కాదు. దేశాన్ని అదానా, ఇజ్మీర్, సంసూన్ ఇలా ప్రాంతాలుగా పంచుకున్న పంపిణీదారులు ముందే ప్రామిసరీ నోట్లు రాసిచ్చేవారు. నిర్మాత ఆ కాగితాలు తాకట్టు పెట్టి షూటింగ్ మొదలెట్టేవాడు. నైజాం, సీడెడ్, ఆంధ్ర బయ్యర్ల చుట్టూ తిరిగిన మన నిర్మాతల కథ తెలిసినవాళ్ళకి ఇది కొత్తేమీ కాదు. నోటు రాసేవాడికి కథతో పనిలేదు. హీరో ఎవరు, హీరోయిన్ ఎవరు, చెడ్డవాడు ఎవరు, అంతే అడుగుతాడు. అదానావాడు ఫైటింగులు కావాలంటాడు, ఇంకొకడు ఏడుపు కావాలంటాడు. చెడ్డవాడి పేరు చెప్పగానే బేరం తెగాలి. ఎరోల్ తాష్ పేరు చెబితే తెగేది.

ఇక షూటింగ్. ముడి ఫిల్ము కరువు. విదేశీ మారకద్రవ్యం పెట్టి కొనాల్సిన సరుకు. అందుకని రిహార్సల్స్ లేవు, రెండో టేకు అంటే గుండె గుబేలు. కెమెరా వెనక ప్రాంప్టరు నిలబడి డైలాగు గట్టిగా చదువుతాడు, నటుడు విని అప్పటికప్పుడు పెదవులు కదుపుతాడు. శబ్దం రికార్డు చేయరు. గొంతు తర్వాత స్టూడియోలో, చాలాసార్లు వేరే మనిషిది. ఆ కాలపు పెద్ద పెద్ద హీరోల గొంతులు కూడా వాళ్ళవి కావు. హయ్రి ఎసెన్ అనే ఒక్క నటుడు ఎంతమంది కథానాయకులకి గొంతిచ్చాడో! ఆదాలెత్ జిమ్‌జోజ్ అనే ఆవిడ ఆర్ట్ గ్యాలరీ నడుపుతూ, అనువాదాలు చేస్తూ, తెరమీద అందమైన అమ్మాయిలందరి బదులూ మాట్లాడేది.

దీని ఫలితం ఏమిటో ఆలోచించండి. అరువు గొంతుతో, ఎవరో చదివి వినిపించిన డైలాగుతో, ఒక్క టేకులో హీరో చేయగలిగింది తక్కువ. అందంగా నిలబడాలి, కళ్ళతో ప్రేమించాలి. ఒంటితో చేసే పనులన్నీ, అంటే తినడం, తాగడం, చెమట పట్టడం, తోసేయడం, వికటంగా నవ్వడం, ఇవన్నీ విలన్ వాటాకి వచ్చాయి. యెషిల్‌చామ్ సినిమాలో ప్రాణమున్న శరీరం చాలాసార్లు చెడ్డవాడిదే. దాన్ని సహాయ పాత్ర అనడం నాకు ఎప్పుడూ వింతగానే ఉంటుంది.

ఈ శరీరాన్ని ఏం చేయాలో తెలిసిన దర్శకుడు మెతిన్ ఎర్క్‌సాన్. 1960లో ‘గెజెలెరిన్ ఒతెసి’ తీశాడు. పెట్రోలు బంకుల్ని దోచుకునే పేదకుర్రాళ్ళ ముఠా కథ. వాడకో కోటీశ్వరుడు పుడతాడని నాయకులు చెప్పుకుంటున్న రోజులవి. ఆ ముఠాలో ఎరోల్ తాష్ ఒకడు. 1962లో ఫకీర్ బైకుర్త్ నవల ఆధారంగా ‘యిలాన్లారిన్ ఓజు’ తీశాడు. గ్రామపెద్ద అండ చూసుకుని పొరుగువాడి ఇంటి ముందే ఇల్లు కట్టడానికి పునాది తవ్వే మనిషిగా తాష్. ఎదురు నిలబడే ముసలి తల్లిగా అలియె రోనా. సెన్సారు అడ్డుపడితే దేశాధ్యక్షుడు జెమాల్ గుర్సెల్ సినిమా చూసి విడుదల కానిచ్చాడు.

మూడోది ‘సుసుజ్ యాజ్’. నీళ్ళు లేని వేసవి అని అర్థం. 1963లో తీశారు. కథ నెజాతి జుమాలి రాసింది. ఆయన ఇజ్మీర్ దగ్గర ఉర్లాలో వకీలుగా పనిచేశాడు, నీటి తగాదాలు కోర్టులో చూసిన మనిషి. షూటింగ్ ఉర్లా పక్కన బాదెమ్‌లెర్ అనే గ్రామంలో. ఒస్మాన్ పొగాకు రైతు. అతని పొలంలో ఊట ఉంది. కింది పొలాలకి పారే నీటికి అడ్డుకట్ట వేస్తాడు. నా నేలలో పుట్టిన నీరు నాది అంటాడు. చట్టం కూడా అతని మాట పూర్తిగా కొట్టేయదు. తమ్ముడు హసన్‌కి ఇది ఇష్టం లేదు, అయినా అన్న మాట జవదాటడు. హసన్ బహార్‌ని పెళ్ళాడి తెస్తాడు. నీటి గొడవలో ఒక ఊరివాడు చనిపోతాడు. కాల్చింది అన్న. నువ్వు చిన్నవాడివి, శిక్ష తక్కువ పడుతుందని చెప్పి తమ్ముణ్ణి జైలుకి పంపిస్తాడు. ఆ తర్వాత తమ్ముడు జైల్లో చచ్చిపోయాడని మరదలికి అబద్ధం చెబుతాడు. నీటి దగ్గర మొదలైన ‘నాది’ అన్న మాట మనిషి దాకా వస్తుంది.

ఇందులో ఒక్క దృశ్యం గురించి చెబుతాను. పెరట్లో ఆవు. బహార్ అక్కడే పనిలో ఉంది. ఒస్మాన్ ఆవు పొదుగు కింద కూర్చుని, చెంబు పక్కన పెట్టేసి, చనుమొనకి నేరుగా నోరు పెట్టి పాలు తాగుతాడు. కళ్ళు మాత్రం ఆమె మీద. ఒక్క మాట లేదు. సెన్సారువాడు కత్తిరించడానికి పట్టుకోదగ్గది కూడా ఏమీ లేదు. రైతు తన ఆవు పాలు తాను తాగుతున్నాడు, తప్పేముంది? అదే ఆ దృశ్యంలోని భయం. అతను ఏ తప్పూ చేయడం లేదు, అన్నీ అతనివే. ఇంకోచోట పాము కరిస్తే ఆమె కాలికి నోరు పెట్టి విషం పీలుస్తాడు. ప్రాణం కాపాడుతున్నాడా, ఆక్రమిస్తున్నాడా? తాష్ రెండూ ఒకేసారి చేస్తాడు. మేలు చేసేటప్పుడు అతని ముఖంలో నిజంగానే కంగారు కనిపిస్తుంది. ఆ కంగారు లేకపోతే అది మామూలు విలన్ వేషం అయ్యేది.

ఇంకో సంగతి. ఒస్మాన్ ఒంటరివాడు. తమ్ముడి పెళ్ళయిన రాత్రి గోడకి అవతల తచ్చాడే మనిషిని తాష్ కేవలం కాముకుడిగా చూపలేదు. ఇంట్లో తన చోటు పోయిన పెద్దకొడుకుగా కూడా చూపాడు. ప్రేక్షకుడు అతన్ని అసహ్యించుకుంటూనే అతని ఆకలిని అర్థం చేసుకుంటాడు. బహార్‌గా వేసిన హుల్యా కోచ్‌యిగిత్‌కి అదే మొదటి సినిమా, వయసు పదహారుకి మించదు. తర్వాత ఆమె టర్కీ అగ్రతారల్లో ఒకరైంది. హసన్‌గా వేసిన ఉల్వి దోగాన్ ఆ సినిమా నిర్మాత కూడా. ఇద్దరూ బాగానే చేశారు, కాదనను. కానీ సినిమా నడిచేది తాష్ భుజాల మీద.

1964లో బెర్లిన్ చలనచిత్రోత్సవంలో ఈ సినిమాకి బంగారు ఎలుగు బహుమతి వచ్చింది. ఆ ఏడు జ్యూరీ అధ్యక్షుడు హాలీవుడ్ దర్శకుడు ఆంథొనీ మాన్. టర్కీ సినిమాకి అంత పెద్ద అంతర్జాతీయ బహుమతి అదే మొదలు. సినిమాని దోగాన్ కారు డిక్కీలో దాచి సరిహద్దు దాటించాడని ఒక కథ చెబుతారు. మంచి కథే. ఎంత నిజమో గానీ, చెప్పేవాళ్ళు మాత్రం మానరు.

ఇప్పుడు అసలు విషయానికి వస్తాను. ఇలాంటి వేషం వేసి, దానికి ఇంత పేరు వచ్చిన నటుడికి తర్వాత ఏం జరగాలి? ఇంకా పెద్ద వేషాలు రావాలి. వచ్చినవి ఒస్మాన్ ముక్కలు. ఒక నిర్మాత ఆ ఆకలి ఒక్కటే కొన్నాడు, చేతికి మాంసం తొడ ఇచ్చాడు. ఇంకొకడు ఆ చూపు కొన్నాడు, ప్రతి సినిమాలోనూ ఒక పల్లెపడుచుని పొలంగట్టున అటకాయించే భూస్వామిని చేశాడు. మరొకడు ఆ నవ్వు కొన్నాడు. ఒస్మాన్‌లో ఇవన్నీ కలిసి ఉండటానికి కారణం అతనికో పొలం, ఒక ఊట, ఒక తమ్ముడు ఉండటం. విడివిడిగా కొన్నవాళ్ళకి పొలమూ అక్కర్లేదు, తమ్ముడూ అక్కర్లేదు. వందలకొద్దీ సినిమాల్లో ఆ ముక్కలే తిరిగాయి. ఉత్తమ సహాయనటుడిగా అంటాల్యా ఉత్సవంలో బహుమతి కూడా ఇచ్చారు. బహుమతి బేరాన్ని మార్చలేదు.

దీన్ని వృథా అనేవాళ్ళున్నారు. నేను పూర్తిగా ఒప్పుకోను. తాష్ ముఖం కనబడగానే హాల్లో పిల్లలకి కూడా కథ తెలిసిపోయేది కాబట్టే ఆ దర్శకులు పది నిమిషాల వివరణ మిగుల్చుకుని, ఉన్న కాస్త ఫిల్ముతో సినిమా పూర్తి చేయగలిగారు. ఆ పరిశ్రమకి అతను చేసిన సేవ అది, దానికి విలువ ఉంది. కాకపోతే ఆ సేవకి ముట్టిన కూలీ మాత్రం హీరో తీసుకునే దానితో పోల్చేది కాదు.

జనం నమ్మకం సంగతి కూడా చెప్పాలి. ఊళ్ళలో అతన్ని చూసి ఆడవాళ్ళు శాపనార్థాలు పెట్టడం, రాళ్ళు విసరడం గురించి టర్కీలో ఇప్పటికీ చెప్పుకుంటారు. తెలిసినవాళ్ళు మాత్రం బయట అతనంత మెత్తని మనిషి లేడంటారు. విలన్ వేషాలు వేసినవాళ్ళందరి గురించీ ఈ మాటే అంటారు కనుక దాన్ని నేను పెద్దగా పట్టించుకోను. నాకు ఆసక్తి కలిగించేది దీనికి తిరగేసిన కథ. పక్కదారి పడుతున్నాను, రెండు నిమిషాలు ఓర్చుకోండి.

అదే కాలంలో నుబార్ తెర్జియాన్ అని ఇంకో సహాయనటుడు. 1909లో ఇస్తాంబుల్‌లో ఆర్మేనియన్ కుటుంబంలో పుట్టాడు. పొట్టిగా, గుండ్రంగా, దయగల ముఖం. డాక్టరు, కిరాణా కొట్టువాడు, హీరోకి కష్టంలో అన్నం పెట్టే పొరుగింటి ముసలాయన. ఆ రోజుల్లో అల్పసంఖ్యాక వర్గాల నటులు కొందరు టర్కిష్ పేర్లతో తెరకెక్కేవారు. కిర్కోర్ జెజ్‌వెజియాన్ కెనాన్ పార్స్ అయ్యాడు. అల్పసంఖ్యాకుల మీద విరుచుకుపడిన 1942 నాటి ఆస్తి పన్ను, 1955 సెప్టెంబరు నాటి దాడులు, లూటీలు చూసినవాళ్ళు అలా చేశారంటే తప్పు పట్టగలమా? తెర్జియాన్ మాత్రం ఆర్మేనియన్ పేరుతోనే నటించాడు. అందరూ అతన్ని బాబాయ్ అనేవారు.

టర్కీ తెర రాజు అయ్‌హాన్ ఇషిక్. 1952లో లుత్ఫి అకాద్ తీసిన ‘కానున్ నామినా’తో నిలదొక్కుకున్న తార. ఆ సినిమాలో తెర్జియాన్ కూడా ఉన్నాడు. 1979 జూన్‌లో ఇషిక్ యాభై ఏళ్ళకే మెదడులో రక్తస్రావంతో పోయాడు. తెర్జియాన్ దుఃఖంతో పత్రికలో సంతాప ప్రకటన వేయించాడు. నా కొడుకా అని సంబోధించి, చివర నీ బాబాయి నుబార్ తెర్జియాన్ అని సంతకం పెట్టాడు. వెంటనే ఇషిక్ కుటుంబం పేరుతో ఇంకో ప్రకటన వచ్చింది. ఆయనకీ నుబార్ తెర్జియాన్‌కీ ఎలాంటి బంధుత్వమూ లేదని సవరణ. ఇషిక్ అసలు ఇంటిపేరు ఇషియాన్. అచ్చమైన టర్కిష్ పేరే, కానీ చివర ఆర్మేనియన్ పేరులా ధ్వనిస్తుంది. దాని మీద గుసగుసలు పుడతాయేమోనన్న భయం వాళ్ళది.

తాష్ చేయని పాపానికి జనం తిట్లు తిన్నాడు. తెర్జియాన్ ముప్పై ఏళ్ళపాటు తెరమీద అందరికీ బాబాయి అయ్యాడు, బయట ఒక్కసారి ఆ మాట వాడుకుంటే డబ్బులు పెట్టి ప్రకటన వేసి మరీ కాదన్నారు. చిన్న వేషగాణ్ణి జనం నమ్మినంతగా హీరోని నమ్మరని నాకు అనిపిస్తుంది. హీరో నటిస్తున్నాడని వాళ్ళకి తెలుసు. ఇతను నటిస్తున్నాడని మర్చిపోతారు. పని అంత బాగా చేసినందుకు దొరికే జీతం ఒక్కోసారి ఇలా ఉంటుంది.

మళ్ళీ తాష్ దగ్గరికి. ముక్కల బేరం మధ్యలో ఒకసారి మొత్తం మనిషిని అడిగిన దర్శకుడు లుత్ఫి అకాద్. 1966లో ‘హుదుత్లారిన్ కానును’. సిరియా సరిహద్దు, నేలలో పాతిన మందుపాతరలు, వాటి మధ్య నుంచి గొర్రెల మందల్ని దాటించే దొంగరవాణాదారులు. యిల్మాజ్ గునెయ్ హీరో. తాష్ అతనికి పోటీగా నిలిచే అలీ జెల్లో. ఇక్కడ నవ్వు లేదు, మాంసం తొడ లేదు. తానూ అదే ఎండలో, అదే బీదనేల మీద బతుకుతున్న మనిషి. ఇద్దరికీ ఉన్న దారి ఒక్కటే, అది ఒక్కరికే చాలుతుంది. చెడ్డతనం ఎక్కడ పుడుతుందో చూపించడానికి అకాద్ సరిహద్దు కంచె చూపించాడు, తాష్ కళ్ళు చిట్లించి దానివైపు చూశాడు. అంతకంటే ఏమీ చేయలేదు. 1980 సైనిక కుట్ర తర్వాత ఈ సినిమా ప్రింట్లు నాశనం అయిపోయి ఒక్కటంటే ఒక్కటి మిగిలింది. దాని నుంచే మార్టిన్ స్కోర్సేసీ స్థాపించిన సంస్థ 2011లో బాగుచేసింది.

‘సుసుజ్ యాజ్’ తలరాత ఇంకా విచిత్రం. బహుమతి వచ్చాక నిర్మాత దాన్ని విదేశాలకి తీసుకెళ్ళి, అమెరికాలో వేరే మనుషులతో తీసిన పచ్చి శృంగార దృశ్యాలు అతికించి, వేరే పేరుతో ఆడించాడు. కళ్ళతోనే అంతా చెప్పిన నటుడి సినిమాకి ఆ గతి! అసలు రూపం 2008లో అదే సంస్థ చేతిలో మళ్ళీ వెలుగు చూసింది.

వీటన్నిటి మధ్య తాష్ ఏం చేసేవాడు? కాఫీ హోటల్ నడిపేవాడు. ఇస్తాంబుల్ పాత నగరంలో, మర్మరా సముద్రం వైపు కోటగోడల దగ్గర, రైలు పట్టాల పక్కన జాన్‌కుర్తారాన్ అనే పేట. అక్కడ చిన్న గ్లాసుల్లో టీ, పేకాట, పావుల ఆట, గోడల నిండా సినిమా ఫోటోలు. షూటింగ్ ఉన్న రోజు షూటింగ్, లేని రోజు గల్లాపెట్టె. సహాయనటులకి పింఛను లేని, బీమా లేని కాలంలో ఇది సరదా కాదు. ఆ తరంలో చాలామందికి ఇంకో వృత్తి ఉండేది. దయగల ఫ్యాక్టరీ యజమానిగా దేశమంతా ప్రేమించిన హులుసి కెంత్‌మెన్ నౌకాదళంలో చిన్న అధికారిగా ఉద్యోగం చేస్తూనే నటించాడు. తెరమీద కోటీశ్వరుడు, ఇంట్లో నెలజీతం లెక్కలు. 1970లలో టీవీ వచ్చి కుటుంబాలు హాళ్ళకి రావడం తగ్గాక నిర్మాతలు చవక శృంగార చిత్రాల వైపు మళ్ళారు. పాతకాలపు సహాయనటుల్లో చాలామందికి పని పోయింది. అలాంటప్పుడు రోజుకి నాలుగు డబ్బులు తెచ్చే హోటల్ ఉన్నవాడు నయం.

1998 నవంబరులో చనిపోయేదాకా తాష్ ఆ పేట మనిషిగానే ఉన్నాడు. సినిమా చూసి భయపడ్డ పిల్లలు పెద్దవాళ్ళై వచ్చి అతని హోటల్లో టీ తాగేవారు, ఫోటో దిగేవారు. ఫోటోకి నిలబడినప్పుడు చాలామంది అడిగేది ఒకటే, ఒక్కసారి ఆ నవ్వు నవ్వమని. హోటల్ యజమానిగా కాదనలేడు కదా.

నిర్వాహకులు నాకు ముప్పావుగంట ఇచ్చారు, అది ఎప్పుడో దాటేసినట్టున్నాను. టీ విరామం తర్వాత ‘సుసుజ్ యాజ్’ వేస్తున్నారు, బాగుచేసిన ప్రింటు, గంటన్నర నిడివి. ఆవు దృశ్యం వచ్చినప్పుడు అతని నోటిని కాకుండా చేతుల్ని చూడండి, ఆవుని ఎంత జాగ్రత్తగా పట్టుకున్నాడో తెలుస్తుంది. సినిమా అయ్యాక ప్రశ్నలేమైనా ఉంటే నేను ఇక్కడే ఉంటాను.